కొనేది మీరేనా?

మోంటానాలోని కిల్డాల్ ఊళ్ళో కర్టిస్ ఓల్సన్‌ని అందరూ "మూడ్రోజుల కర్టిస్" అంటారు. ఆ పేరు పెట్టినవాడి నోరు మంచిది కాదు గానీ, పేరు మాత్రం అతికినట్టు సరిపోయింది. పాపం, ఇందులో కర్టిస్ తప్పేం లేదు. మిన్నెసోటాలో ఎక్కడో ఇంకో కర్టిస్ ఓల్సన్ ఉన్నాడు. పుట్టిన తేదీ కూడా అటూఇటూగా అదేనట. ఆ మహానుభావుడు చెయ్యని వెధవపని లేదు. దాంతో మన కర్టిస్ తుపాకి కొనడానికి వెళ్ళినప్పుడల్లా, కొట్టాయన కొనేవాళ్ళ నేరచరిత్ర చూసే ప్రభుత్వ ఆఫీసుకి ఫోన్ చేసి పేరు చెప్పీ చెప్పగానే అవతలివాళ్ళు "ఆగండి, చూసి చెబుతాం" అంటారు. ఇక మూడు పనిరోజులు ఆగాల్సిందే. ఇరవై ఏళ్ళుగా ఇదే తంతు. ఊరంతా నవ్వేది, కర్టిస్ కూడా నవ్వేవాడు. "పాపం వాడిది, పడిగాపులు నావి" అనేవాడు.

అతని అక్క మార్లిస్‌కి ఆ గొడవ లేదు. ఆమె దగ్గర కార్డుంది. కోటు కింద పిస్టల్ పెట్టుకుని తిరగడానికి షెరీఫ్ ఆఫీసు ఇచ్చే పెర్మిట్ కార్డు. వేలిముద్రలిచ్చి, ఓ శనివారమంతా క్లాసులో కూర్చుని, గురి చూసి కాల్చి చూపించి మరీ తెచ్చుకుంది. ఇప్పుడు మోంటానాలో ఆ కార్డు లేకపోయినా పెట్టుకు తిరగొచ్చు, అడిగే నాథుడు లేడు. అయినా జనం నాలుగేళ్ళకోసారి వెళ్ళి దాన్ని కొత్తది చేయించుకుంటూనే ఉంటారు. ఎందుకంటే, కార్డున్న మనిషి సంగతి ముందే విచారించేసినట్టు లెక్క. కొట్టాయన ఎవరికీ ఫోన్ చెయ్యక్కర్లేదు. ఫారం నింపి, కార్డు చూపించి, డబ్బిచ్చి, వస్తువు పుచ్చుకుని రావడమే. పావుగంట పని. ఈ విషయంలో మార్లిస్‌కి కాస్త గర్వం కూడా ఉంది. స్కూలు బస్సు నడిపే ఆడమనిషికి ప్రభుత్వం దగ్గర అంత పరపతి ఉండటం చిన్న సంగతా మరి!

ఆగస్టు నెలాఖరు, మంగళవారం పొద్దున. వచ్చేవారం బడి తెరుస్తారని మార్లిస్ బస్సుల షెడ్డు దగ్గర తన బస్సు కడుగుతోంది. కర్టిస్ ట్రక్కు వచ్చి ఆగింది. అతను దిగి, టోపీ తీసి, మళ్ళీ పెట్టుకుని, టైర్ల వంక చూస్తూ నిలబడ్డాడు.

"అక్కా, నాకో పని చేసి పెడతావా?"

మార్లిస్ చేతిలో గొట్టం వదిలేసింది. ఆ మాట వాడి నోట విని ఏడాదైంది. ఏడాదిగా వాడు ఎవరినీ ఏదీ అడగలేదు. కోతలు ఒక్కడే కోసుకున్నాడు, మంచులో కూరుకుపోయిన ట్రక్కుని ఒక్కడే తవ్వుకున్నాడు, క్రిస్మస్ నాడు కూడా పిలిస్తే రాలేదు. అలాంటివాడు ఇప్పుడు పని చేసి పెడతావా అంటున్నాడు. పనేమిటో వినకముందే ఆమె ఒప్పేసుకుంది.

"చెప్పరా. ఏం కావాలి?"

"ఆర్విడ్ కొట్లో ఓ రివాల్వర్ ఉంది. అది తెచ్చిపెట్టాలి. ఓ నక్క పిచ్చెక్కినట్టుంది, పట్టపగలే కొట్టం చుట్టూ తిరుగుతోంది. నేనెళితే మళ్ళీ శనివారందాకా ఆగాలి. నువ్వైతే ఇవాళే తెచ్చేస్తావు." అతను జేబులోంచి ఓ కవరు తీసి అందించాడు. మీద పెద్ద పెద్ద అక్షరాలతో ఆ రివాల్వర్ పేరు రాసి ఉంది. లోపల డబ్బుంది.

"దానికి కొత్తదెందుకురా? నా పిస్టల్ పట్టుకెళ్ళు. నక్కని కొట్టి తెచ్చివ్వు."

"నీది వద్దు." ఆ మాట టక్కున అనేసి, మళ్ళీ మెత్తగా అన్నాడు. "నీది నీ దగ్గరే ఉండనీ అక్కా."

సరేలే అంది మార్లిస్. వాడి రైఫిళ్ళు మొన్న చలికాలంలో అమ్మేశాడని ఆమెకి తెలుసు, వాడే చెప్పాడు. ఎందుకమ్మావని ఆమె అడగలేదు. ఈ ఏడాదిలో ఆమె వాడిని అడగనివి అలాంటివి చాలా ఉన్నాయి.

అడగకపోవడం ఇక్కడివాళ్ళ మర్యాద. ఎదుటి మనిషి గుండెలో ఏముందని అడగడమంటే, బురద బూట్లతో వాళ్ళ ఇంట్లోకి నడిచినట్టు. పోయిన ఏడాది ఆగస్టులో గడ్డిమైదానం తగలబడినప్పుడు ఊరి వాలంటీర్ల ఫైర్ బండి నడిపింది కర్టిసే. పక్కన కూర్చున్నది లైల్, వాడి చిన్ననాటి స్నేహితుడు. గాలి తిరిగింది. బండి వాగుగట్టు దగ్గర ఇరుక్కుంది. కర్టిస్ బయటపడ్డాడు, లైల్ పడలేదు. విచారణ చేసినవాళ్ళు ఎవరి తప్పూ లేదని రాశారు. ఊరివాళ్ళు నెలరోజులపాటు వంతులు వేసుకుని కర్టిస్ ఇంటి గుమ్మంలో వండినవి పెట్టి వెళ్ళారు. బంగాళాదుంపలూ మాంసమూ వేసి చేసిన హాట్‌డిష్‌లతో ఫ్రిజ్ నిండిపోయింది. ఎలా ఉన్నావురా అని మాత్రం ఒక్కరూ అడగలేదు. ఒంటరిగా ఉన్నవాడి గడప దగ్గర గిన్నె పెట్టి, తలుపు కొట్టకుండా వెళ్ళిపోవడం! మంచివాళ్ళే అందరూ. ఆ మంచితనాన్ని ఏం చేసుకోవాలి?

మధ్యాహ్నం మార్లిస్ ఆర్విడ్ కొట్టుకి వెళ్ళింది. ముళ్ళతీగ, మేకులు, పశువుల ఉప్పు, వెనకవైపు అద్దాల బల్లలో తుపాకులు. ఆర్విడ్‌కి డెబ్బైమూడేళ్ళు. మార్లిస్ వాళ్ళ నాన్నకి స్నేహితుడు. ఆవులిస్తే పేగులు లెక్కపెట్టే రకం, కానీ లెక్కపెట్టింది బయటికి చెప్పడు. తుపాకుల కొట్టు నడపడానికి అలాంటివాడే కావాలి.

"ఏమ్మా మార్లిస్, పిల్లరాక్షసులు వచ్చేవారం నుంచేనా?"

"అవును బాబాయ్. ఈసారి నలభైరెండు మంది. నాకు జీతం కాదు, వీరపతకం ఇవ్వాలి. సరేగానీ, అదుగో ఆ మూల రివాల్వర్ చూపించు."

ఆర్విడ్ కళ్ళజోడు పైకి తోసుకున్నాడు. "రివాల్వరా? నువ్వా? అవి ముసలాళ్ళ వస్తువులని నన్ను నిలబెట్టి వెక్కిరించావు కదమ్మా."

"నేనూ ముసలిదాన్నయ్యానులే. తియ్యి."

అతను తీశాడు. ఖాళీగా ఉందని చూసుకుని, ఆమెకీ చూపించి, బల్లమీద మెత్తటి గుడ్డ పరిచి పెట్టాడు. మార్లిస్ దాన్ని చేత్తో పట్టుకుని బరువు చూడలేదు, గురి చూడలేదు, మీట నొక్కి చూడలేదు. గుమ్మడికాయ కొనేవాళ్ళు కూడా ఒకసారి తట్టి చూస్తారు. ఆమె పర్సులోంచి కార్డు తీసి బల్లమీద పెట్టి, "ఫారం ఇవ్వు బాబాయ్, పనుంది" అంది.

ఆర్విడ్ కార్డు చూశాడు, తేదీ చూశాడు, ఫారం ఇచ్చాడు. మార్లిస్ పేరు రాసింది, ఊరు రాసింది, పుట్టిన తేదీ, ఎత్తు, బరువు రాసింది. బరువు దగ్గర ఎప్పటిలాగే కాస్త తగ్గించి రాసింది. ఆ తరవాత ప్రశ్నలు మొదలయ్యాయి. జీవితంలో మూడుసార్లు నింపింది ఈ ఫారం, మూడుసార్లూ అవునవును, కాదుకాదు అని చకచకా కొట్టేసింది తప్ప చదివిన పాపాన పోలేదు. ఈసారి మొట్టమొదటి ప్రశ్న దగ్గర ఆమె కలం ఆగింది.

ఈ ఆయుధాన్ని నిజంగా కొంటున్నది మీరేనా? కింద లావు అక్షరాలతో హెచ్చరిక. మీరు ఇంకొకరి తరఫున తీసుకుంటున్నట్టయితే, నిజంగా కొంటున్నది మీరు కాదు.

మార్లిస్ ఇంకోసారి చదివింది. తమ్ముడికి ముళ్ళతీగ చుట్ట తెచ్చిపెట్టినట్టే, పళ్ళెంలో ఓ ఆపిల్ పై ముక్క పట్టుకెళ్ళినట్టే ఇదీననుకుంది ఇందాకటిదాకా. సొంత తమ్ముడు, నేరం చెయ్యనివాడు, వాడి పేరుగలవాడు చేసిన పాపానికి వీడు ఆగుతున్నాడు. అక్క చేతిలో కార్డుంది. ఇందులో తప్పేముంది?

"ఈ ప్రశ్నేంటి బాబాయ్, ఇలా ఏడిచింది?"

"ఎలా ఏడిచింది?"

"తోడబుట్టినవాడికి తెచ్చిపెట్టడం కూడా నేరమేనా?"

ఆర్విడ్ బల్లమీది రివాల్వర్‌ని గుడ్డతో సహా తనవైపు ఓ జానెడు లాక్కున్నాడు. అతని చూపు మార్లిస్ మోచేతి కింద ఉన్న కవరు మీద పడింది. ఆ పెద్ద పెద్ద అక్షరాలు అతనికి కొత్తవి కావు. ముప్పై ఏళ్ళుగా తీగకీ మేకులకీ చీటీలు ఆ దస్తూరీతోనే వస్తున్నాయి.

"వాడి డబ్బుతో, వాడి కోసం కొంటూ, కొనేది నేనే అని రాస్తే అబద్ధం. అబద్ధం రాస్తే జైలు. నీకూ జైలే, తెలిసి అమ్మితే నాకూ జైలే. వాడు నేరస్థుడా కాదా అన్నది ఇక్కడ లెక్కలోకి రాదు. కార్డు నీ సంగతి చెబుతుందమ్మా. వాడి సంగతి చెప్పదు."

"అయితే నా డబ్బుతో కొని వాడికి బహుమతిగా ఇస్తాను. అదీ నేరమేనా?"

"కాదు. నిజంగా బహుమతైతే నేరం కాదు."

"మరింకేం! ఇదుగో, వాడి కవరు నా సంచీలో పెట్టేస్తున్నా. ఇది నా డబ్బు." ఆమె చెక్కుబుక్కు తీసి బల్లమీద కొట్టినట్టు పెట్టింది. ఆడదాని పంతం, అందులోనూ ఓల్సన్ల ఆడపడుచు. "ఇప్పుడు అవును అని రాస్తున్నా."

ఆర్విడ్ తన చెయ్యి ఫారం మీద పెట్టాడు. ముడతలు పడ్డ పెద్ద చెయ్యి, ఫారం సగం దాని కిందే పోయింది.

"మార్లిస్, పుట్టినరోజా వాడిది?"

"కాదు."

"పెళ్ళా?"

"బాబాయ్, వేళాకోళం వద్దు."

"వేళాకోళం కాదు. ఇవాళ నీకు నేను అమ్మను."

"అమ్మవా?" మార్లిస్ మొహం కందిపోయింది. "మా నాన్న నీ కొట్లో మొదటి తుపాకి కొన్నాడు. మా ఇంట్లో ప్రతి మేకూ నీదే. కార్డుంది, డబ్బుంది, చట్టం ఒప్పుకుంటుంది. నువ్వెవడివి వద్దనడానికి?"

"కొట్టు నాది. చట్టం ఒప్పుకున్న ప్రతిదీ అమ్మాలని నా మీద రూలేం లేదు." అతను కోప్పడలేదు, అదే ఆమెకి ఇంకా మండింది. "వాడికెందుకన్నాడు?"

"నక్క. పిచ్చెక్కి తిరుగుతోందిట."

"నీ పిస్టల్ ఇవ్వొచ్చుగా."

"ఇస్తానన్నా. వద్దన్నాడు."

"చుట్టుపక్కల ఇళ్ళల్లో ఏ తలుపు తట్టినా ఓ తుపాకి ఇస్తారు నక్కని కొట్టడానికి. వాళ్ళనీ అడగలేదా?"

మార్లిస్ కలం కింద పెట్టింది.

"వాళ్ళనడిగితే ఎందుకురా అంటారు, మొహంలోకి చూస్తారు, నేను వచ్చి కొట్టిపెడతాలే అంటారు. నిన్నే అడిగాడు. నువ్వు ఎందుకని అడగవని వాడికి తెలుసు." ఆర్విడ్ కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "నేను ఒకరికి మాటిచ్చాను, ఫలానా సంగతి ఎవరికీ చెప్పనని. చెప్పను. కానీ నిన్నొకటి అడుగుతా, నువ్వే ఆలోచించు. వాడి రైఫిళ్ళు ఏమయ్యాయి?"

"అమ్మేశాడు. చలికాలంలో."

"ఎవరికి?"

"ఎవరికేంటి? ఎవరికో..."

"ఈ ఊళ్ళో ఒకడు పాత రెంచీ అమ్మితే సాయంత్రానికల్లా కొన్నవాడి పేరు కాఫీ హోటల్లో చెప్పుకుంటారు. మీ నాన్న రైఫిల్‌తో కలిపి ఏడు. ఎవరు కొన్నారు? ఎవరి గోడ మీద చూశావు?"

ఎవరి గోడ మీదా చూడలేదు మార్లిస్. ఇన్నాళ్ళూ ఆ ఆలోచనే రాలేదు. నాన్న రైఫిల్‌ని వాడు అమ్మడమేమిటి? అమ్మేశానన్నాడు, సరే అంది. అంతే.

ఆర్విడ్ వెనక్కి తిరిగి కొట్టు లోపలి గది తలుపు వైపు ఒక్కసారి చూసి, గొంతు తగ్గించాడు. "ఎవరి సంగతో చెప్పట్లేదు, కొట్టు పద్ధతి చెబుతున్నా. కొంతమంది తుపాకులు తెచ్చి నా దగ్గర దాచుకుంటారు. మనవళ్ళు వస్తున్నారనీ, ఊరెళుతున్నామనీ. కొంతమంది మనసు బాగాలేక దాచుకుంటారు, అలాంటివాళ్ళకి నేను దణ్ణం పెడతాను. తెచ్చింది నా పుస్తకంలో ఎక్కాక, తిరిగివ్వాలంటే కొత్తగా అమ్మినట్టే. మళ్ళీ ఫారం, మళ్ళీ ఫోను. ఫోన్ చేస్తే అవతలివాళ్ళు సరే అంటే ఇస్తాను, ఆగమంటే ఆపుతాను."

మార్లిస్ బల్ల అంచు పట్టుకుంది.

ఏ మనిషి పేరు చెప్పినా రెండు నిమిషాల్లో సరే అంటారు. ఒక్కడి పేరుకే ఆగమంటారు. ఆ సంగతి ఊరందరికీ తెలుసు, అందరికంటే ముందు వాడికి తెలుసు. తెలిసే తెచ్చి ఇక్కడ పెట్టాడు. చలికాలంలో ఏదో ఓ రోజు, తన మీద తనకే నమ్మకం పోయి, ఏడు తుపాకులూ ట్రక్కులో వేసుకొచ్చి, మళ్ళీ కావాలన్నా మూడు రోజులు దొరక్కుండా తనకి తానే తాళం వేసుకున్నాడు. ఆ తాళానికి వాడి చేతికందే మారుతాళం చెవి ఈ ఊళ్ళో ఒక్కటే ఉంది. అది ఆమె కార్డు, ఫొటోతో సహా, బల్లమీద పడి ఉంది.

తిరిగిచ్చే ఉద్దేశం ఉన్నవాడైతే ఎవరి పిస్టలైతేనేం పుచ్చుకునేవాడు. నీది వద్దన్నాడు వాడు. ఆ మాట వాడు ఎంత తొందరగా అన్నాడో ఇప్పుడు గుర్తొచ్చింది.

"ఇవాళ మంగళవారం," అంది ఆమె.

"అవును."

"శుక్రవారానికి లైల్ పోయి ఏడాది."

"అవునమ్మా." ఆర్విడ్ ఫారం తీసి సగానికి మడిచాడు. "నేను పెద్దవాణ్ణి, నేనే వెళ్ళి అడగాల్సింది. ఎనిమిది నెలలుగా అడుగుదామనే అనుకుంటున్నా. వాడు వచ్చినప్పుడల్లా మేకులు తూచి ఇచ్చి పంపేస్తున్నా. నాకు చేతకాలేదు."

మార్లిస్ కార్డు తీసుకుని బయటికొచ్చింది. చెక్కుబుక్కు మరిచిపోయింది, ఆర్విడ్ వెనకాలే వచ్చి ట్రక్కు కిటికీలోంచి ఇచ్చాడు.

కర్టిస్ పొలం పన్నెండు మైళ్ళు. కంకర రోడ్డు. దారంతా ఆమె తిట్టుకుంటూనే ఉంది. ముందు ఆర్విడ్‌ని తిట్టింది, ఎనిమిది నెలలు నోరు కుట్టుకున్నందుకు. తరవాత కర్టిస్‌ని తిట్టింది. నా చేత్తో తెప్పించుకుంటావురా, సన్నాసీ, నా పేరున, నా సంతకంతో? ఆ తరవాత నేను బతకాలా వద్దా? చివరికి తనని తాను తిట్టుకోవడం మొదలుపెట్టాక ఆ తిట్లకి అంతులేకపోయింది. నలభైరెండు మంది పిల్లల్లో ఏ పిల్ల ఏడ్చి ఎక్కిందో అద్దంలో చూసి కనిపెట్టే మనిషి తను. ఏమైందే అని బస్సు పక్కకి ఆపి మరీ అడుగుతుంది. సొంత తమ్ముడిని ఏడాదిపాటు అడగలేదు.

ఏమని అడగాలి? బాగున్నావా అంటే బాగున్నా అంటాడు. అసలు మాటే అడగాలి. ఆమె ఒంటరిగా ట్రక్కులో కూర్చుని ఆ మాట పైకి అనబోయింది. నోరు తిరగలేదు. యాభైనాలుగేళ్ళ నోరు, ఊళ్ళో అందరికీ బదులు చెప్పే నోరు, ఆ రెండు ముక్కలూ పలకలేకపోయింది. మూడోసారి అనగలిగింది. నాలుగోసారి గట్టిగా అంది. గేటు వచ్చేసరికి గొంతు బొంగురుపోయింది.

కర్టిస్ ఇంటి మెట్ల మీద కూర్చుని ఉన్నాడు. ట్రక్కు చప్పుడు వినగానే లేచాడు. ఆమె దిగేటప్పుడు అతను ఆమె మొహం చూడలేదు, చేతులు చూశాడు. చేతుల్లో కవరు తప్ప ఏమీ లేదు.

"లేదా?"

"ఉంది. తేలేదు." ఆమె కవరు మెట్టు మీద పెట్టింది. "కొనేది నువ్వేనా అని అడిగిందిరా ఆ ఫారం. నేను కాదు."

"దానికంత ఆలోచనెందుకు? టిక్కు కొట్టి రావడానికి! అందరూ కొట్టేదేగా! ఒక్కటంటే ఒక్క పని అడిగాను నిన్ను, ఏడాదికి ఒక్క పని..." కర్టిస్ గొంతు లేచింది. "ముసలాడు చెప్పాడా? మాటిచ్చి తప్పాడా?"

"ఒక్క ముక్క చెప్పలేదు. నాకే బుద్ధొచ్చింది, ఆలస్యంగా." ఆమె వాడికి ఎదురుగా, ఒక్క అడుగు దూరంలో నిలబడింది. "కర్ట్, చచ్చిపోదామనుకుంటున్నావా?"

అనేసింది. ఆకాశం విరిగి పడలేదు. కోసేసిన గోధుమచేలో గాలి వీస్తూనే ఉంది.

కర్టిస్ నవ్వబోయాడు. "ఏం మాటలక్కా అవి? నక్క నిజంగానే..."

"నక్క సంగతి తరవాత. నేనడిగింది చెప్పు."

అతను పక్కకి తిరిగాడు. కొట్టం వైపు చూశాడు, రోడ్డు వైపు చూశాడు. ఆమె కదల్లేదు. మామూలుగా అయితే ఈపాటికి ఆమె వాతావరణం గురించో గోధుమ గురించో మాట్లాడి, వాడిని వదిలేసి ఉండేది. ఈసారి వదల్లేదు, అలాగే నిలబడింది.

"శుక్రవారం," అన్నాడు కర్టిస్ చివరికి. "శుక్రవారం ఎలా గడుస్తుందో తెలీట్లేదు నాకు."

"నాకు తెలుసురా అది ఏ రోజో."

"తెలుసా? ఎప్పుడూ అనలేదే!" వాడు గిర్రున తిరిగాడు. "ఎవరూ అనరు. నన్ను చూడగానే అందరూ వానల గురించి మాట్లాడతారు. లైల్ పేరు నా ముందు ఒక్కడూ ఎత్తడు. అసలు వాడు పుట్టనే లేదన్నట్టు! నలభై ఏళ్ళక్కా. వాడూ నేనూ నలభై ఏళ్ళు. ఆఖరికి వాడి పేరు పైకి అనాలంటే నేను కొట్టంలోకెళ్ళి ఆవుల ముందు అనాల్సొస్తోంది."

మార్లిస్ ఏడుపు ఆపుకోలేదు. ఆపుకోవడం ఇక్కడివాళ్ళకి పుట్టుకతో వచ్చే విద్య, ఆమెకి ఆ క్షణంలో అది రాలేదు. ఏడుస్తూనే అడిగింది.

"నీ రైఫిళ్ళన్నీ అక్కడే ఉన్నాయిగా. అంత బుద్ధితో నువ్వే పెట్టావుగా. పొద్దున్నే వెళ్ళి వాటినే అడిగి, ఫారం నింపి, శనివారం తెచ్చుకోవచ్చుగా. నా దగ్గరకి ఎందుకొచ్చావురా?"

కర్టిస్ నేల చూస్తూ, చిన్నపిల్లాడు తప్పు ఒప్పుకున్నట్టు చెప్పాడు.

"శనివారందాకా ఆగితే మనసు మారిపోతుందని భయమేసింది అక్కా."

"మారనీరా!" అంది మార్లిస్. అరిచినట్టే అంది. "మారనీ. దానికి భయమేంట్రా, వెధవా? మారితే మారనీ!"

ఆమె వాడి చొక్కా రెండు చేతులతో పట్టుకుంది. పదేళ్ళ వయసులో వాడు వాగులో జారినప్పుడు పట్టుకున్న పట్టు అది, ఇద్దరికీ తెలుసు. కర్టిస్ మెట్టు మీద కూలబడ్డాడు. ఆమె కూడా పక్కన కూర్చుంది, చొక్కా వదలకుండానే.

చాలాసేపటికి ఆమె ముక్కు తుడుచుకుని లెక్క చెప్పింది. తను ఇవాళ్టి నుంచి ఇక్కడే ఉంటుంది. తన పిస్టల్ ఆర్విడ్ లోపలి గదిలో పెడుతుంది. రేపు పొద్దున ఇద్దరూ కలిసి డాక్టరు దగ్గరకి వెళతారు, వాడు మాట్లాడలేకపోతే తను మాట్లాడుతుంది. శుక్రవారం లైల్ భార్య ఇంటికి వెళతారు.

"ఆవిడ నన్ను లోపలికి రానివ్వకపోతే?"

"రానివ్వకపోతే గుమ్మం ముందు నిలబడదాం. నువ్వెప్పుడైనా వెళ్ళి అడిగావా?"

"లేదు."

"నేనూ అడగలేదు. ఎవరం అడిగాం కనక?"

పొద్దు వాలుతోంది. కొట్టంలోంచి ఆవులు మేత కోసం అరవడం మొదలుపెట్టాయి. వాటికి మేత వెయ్యాలని ఇద్దరికీ తెలుసు, ఇద్దరూ లేవలేదు. మార్లిస్ ఇంకో ప్రశ్న అడగాలనుకుంది. ఏడాది కిందటే అడగాల్సిన ప్రశ్న అది. ఈసారి నోరు తిరిగింది.

"ఆ రోజు బండి ఇరుక్కున్నప్పుడు లైల్ ఏమన్నాడురా?"

కర్టిస్ ఆమె వంక చూశాడు. నిజంగా అడుగుతోందా అని చూశాడు. నిజంగానే అడుగుతోంది.

"బూతు తిట్టాడు," అన్నాడు. అతని పెదవి ఓ పక్కకి వంగింది, అది నవ్వో ఏడుపో అతనికే తెలిసినట్టు లేదు. "ముందు నన్ను తిట్టాడు, నా డ్రైవింగుని తిట్టాడు. తరవాత తలుపు తీసి..."

మార్లిస్ వాడి చొక్కా వదిలి చెయ్యి పట్టుకుంది. కర్టిస్ చెప్పడం మొదలుపెట్టాడు.